షోండా రైమ్స్ మాస్టర్‌క్లాస్: సీరియల్ రాసేవాళ్లకు గిట్టుబాటవుతుందా?

మాస్టర్‌క్లాస్ అనే ఆన్‌లైన్ కోర్సుల సైట్‌లో అమెరికన్ టీవీ రచయిత్రి, నిర్మాత షోండా రైమ్స్ టీవీ రచన మీద చెప్పిన కోర్సు ఇది. సొంతంగా ఒక వెబ్ సిరీస్‌కో టీవీ డ్రామాకో మొదటి ఎపిసోడ్ రాసుకోవాలని కూర్చున్నవాళ్లకు బాగా పనికొస్తుంది. రోజువారీ సీరియల్‌కి మాటలు రాస్తున్నవాళ్లకు సగమే పనికొస్తుంది, అది కూడా మన పద్ధతికి మార్చుకుంటేనే. రాయడం నుంచి నిర్మాణంలోకి ఎలా వెళ్లాలో తెలుస్తుందని కొంటే మాత్రం నిరాశ తప్పదు.

కోర్సు 2017లో వచ్చింది. 30 పాఠాలు, మొత్తం ఆరు గంటలు దాటుతాయి. అప్పట్లో ఈ ఒక్క క్లాసునే 90 డాలర్లకు విడిగా అమ్మేవారు. ఇప్పుడలా దొరకదు, ఏడాది చందా ఒకేసారి కట్టాలి. గడువు తీరగానే చందా దానంతటదే రెన్యూ అవుతుంది కాబట్టి కొన్న రోజే ఆటో రెన్యూవల్ ఆపేయండి. తెలుగు సబ్‌టైటిళ్లు లేవు. ఇంగ్లీషు సబ్‌టైటిళ్లు పెట్టుకుంటే ఇబ్బంది ఉండదు గానీ, అమెరికన్ టీవీ మాటలు తెలియనివాళ్లు మొదట్లో కాస్త తడబడతారు. వీడియోలతో పాటు వర్క్‌బుక్, ఆవిడ పాత పిచ్ నోట్సు (ఛానల్‌కి కథ వినిపించడానికి రాసుకున్నవి), సిరీస్ బైబిల్ (పాత్రలూ కథా రాసిపెట్టుకున్న పత్రం), స్క్రిప్టులు ఇస్తారు. నిజానికి డబ్బు పెట్టాల్సింది వీటి కోసమే. పాత్రలు ఎలా ఉండాలి, పరిశోధన ఎందుకు చేయాలి లాంటి పాఠాల్లో ఉన్న సంగతులు యూట్యూబ్‌లో ఊరికే దొరుకుతాయి.

చెప్పే మనిషికి అర్హత గురించి అనుమానం అక్కర్లేదు. 2005 మార్చిలో అమెరికన్ ఛానల్ ఏబీసీలో మొదలైన గ్రేస్ అనాటమీ సిరీస్ ఆవిడ రాసిందే. దానికి ముందు యుద్ధ వార్తలు రాసే మహిళా విలేకరుల మీద ఒక పైలట్ (సిరీస్ మొదటి ఎపిసోడ్) రాస్తే, ఇరాక్ యుద్ధం రావడంతో ఛానల్ పక్కన పెట్టేసింది. ఆవిడదే మరో సిరీస్ స్కాండల్ 2012 నుంచి 2018 దాకా 124 ఎపిసోడ్లు నడిచింది. 2014 చివరికి ఏబీసీలో గురువారం ప్రైమ్‌టైమ్ మూడు గంటలూ ఆవిడ కంపెనీ షోండాలాండ్ చేతిలోనే ఉండేవి.

కోర్సు మొత్తానికి ప్రాణం స్క్రిప్ట్ నిర్మాణం పాఠమూ, దాని వెనకే వచ్చే స్కాండల్ పైలట్ విశ్లేషణా. గంట డ్రామాని ఐదు అంకాలుగా, ఒక్కోటి సుమారు 11 పేజీల చొప్పున విడగొడుతుంది. మొదటి అంకంలో పాత్రల పరిచయం, సమస్య. రెండో దాంట్లో సమస్య ముదరడం. మూడోది ఇంతకంటే ఘోరం జరగదు అనిపించే చోటు. నాలుగులో గడియారం పరుగు మొదలవుతుంది. ఐదులో గెలుపు, లేదా గెలుపు లాంటిది. ఈ చట్రం ఎవరైనా చెబుతారు. ఆవిడ విలువైనదేదో చెప్పేది అంకం ముగిసే చోటు గురించే, ఎందుకంటే అక్కడ పడేది యాడ్స్ బ్రేక్. బ్రేక్ తర్వాత ప్రేక్షకుడు తిరిగి రావాలి.

కొత్తవాళ్లు తప్పు చేసేది సరిగ్గా ఇక్కడే. అంకం చివర ఒక సంఘటన పెడతారు: ఫోన్ మోగింది, తలుపు తెరుచుకుంది, యాక్సిడెంట్ అయింది. దాని వల్ల ఎవరు ఏం నిర్ణయించుకోవాలో ఉండదు, కాబట్టి బ్రేక్ అయ్యాక సీను మళ్లీ సున్నా నుంచి ఎత్తుకోవాల్సి వస్తుంది. మన సీరియళ్లలో బ్రేక్ ముందు మూడు కెమెరాల షాట్లు, ఉరుము చప్పుడు వేసి, తిరిగొచ్చాక అంతా ఉత్తుత్తిదే అని తేల్చడం ఈ జబ్బే. స్కాండల్ పైలట్ స్క్రిప్టు ముందు పెట్టుకుని ఐదు అంకాల చివరి పేజీలు మాత్రమే వరసగా చదవండి. ప్రతిచోటా ఒక పాత్రకి వెనక్కి వెళ్లే దారి మూసుకుపోతుంది. మీ స్క్రిప్టులోనూ అదే పరీక్ష పెట్టి చూస్తే లోపం ఎక్కడుందో పావుగంటలో బయటపడుతుంది.

సంభాషణల పాఠం దగ్గర జాగ్రత్త. స్కాండల్ తరహా గుక్కతిప్పుకోని పొడుగు డైలాగులు బాగుంటాయి, కానీ వాటికి నటులు ముందే బట్టీపట్టాలి, రిహార్సల్ కావాలి. మన సెట్‌లో సీను పేపర్ చాలాసార్లు షూటింగ్ రోజే వాట్సాప్‌లో వస్తుంది. తెలుగు రాని నటులకి ప్రాంప్టర్ పక్క నుంచి ముక్క ముక్కగా అందిస్తుంటాడు, తర్వాత డబ్బింగ్ చెబుతారు. అక్కడ పదహారు మాటల వాక్యం రాస్తే మధ్యలో ఎక్కడో విరుగుతుంది, భావం కూడా దాంతోనే పోతుంది. ఊపిరికి ఒక వాక్యం చాలు. ఈ కోర్సులో చెప్పే వేగాన్ని వాక్యం పొడుగులో కాకుండా ఒకరి మాట మీద ఇంకొకరి మాట పడటంలో వెతుక్కోండి. ఇంకో చిక్కు: పేజీకి నిమిషం అనే లెక్క ఆ వేగానికి సరిపోదు. వేగంగా మాట్లాడిస్తే పేజీలు పెరుగుతాయి, కాబట్టి చదివి టైము కొలుచుకోవాలి.

సీజన్ కథను చివరిదాకా ముందే అనుకుని పెట్టుకోవాలన్న పాఠం వెబ్ సిరీస్ వాళ్లకి. సోమవారం నుంచి శనివారం దాకా రోజుకి 22 నిమిషాలు నింపే సీరియల్‌కి ముగింపు ఎవరికీ తెలియదు. గురువారం టీఆర్‌పీ వచ్చాక ట్రాక్ మారుతుంది.

అసలు లోటు వృత్తి సంగతుల్లో ఉంది. అమెరికాలో రచయిత స్టాఫ్ రైటర్‌గా చేరి, స్టోరీ ఎడిటర్, కో-ప్రొడ్యూసర్, సూపర్‌వైజింగ్ ప్రొడ్యూసర్ మెట్లెక్కి షోరన్నర్, అంటే సిరీస్ మొత్తాన్ని నడిపే పెద్ద, అవుతాడు. అక్కడి టీవీ నిర్మాతల్లో చాలామంది ఇలా రాతతో పైకొచ్చినవాళ్లే. మన దగ్గర నిర్మాత అంటే పెట్టుబడి పెట్టి ఎపిసోడ్‌కి ఇంత అని ఛానల్ దగ్గర తీసుకునే మనిషి, రచయితకి ఆ నిచ్చెన లేదు. సీరియళ్లు తీసి నిర్మించిన మంజులా నాయుడు లాంటివాళ్లు అరుదు. రైటర్స్ రూమ్ (రచయితలంతా కలిసి కథ అల్లే చోటు) గురించీ షోరన్నర్ పని గురించీ కోర్సులో ఉన్నా, బడ్జెట్, ఒప్పందం, హక్కులు, క్రెడిట్ ఎలా తేలతాయన్నది పైపైనే. నెట్‌ఫ్లిక్స్ సిరీస్ బ్రిడ్జర్టన్‌ని తయారుచేసింది క్రిస్ వాన్ డ్యూసెన్, రైమ్స్ ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్. ఇతరుల రాతను నిలబెట్టే ఆ పనే ఆవిడ కెరీర్‌లో రెండో సగం, కోర్సు నాటికి అది ఇంకా పూర్తిగా తెరుచుకోలేదు. నెట్‌ఫ్లిక్స్‌తో ఆవిడ ఒప్పందం 2017 ఆగస్టులో కుదిరింది. 2023లో 148 రోజుల సమ్మె తర్వాత అమెరికా రచయితల సంఘం రైటర్స్ గిల్డ్ సాధించిన కనీస రచయితల సంఖ్య, అంటే 7 నుంచి 12 ఎపిసోడ్ల సీజన్‌కి ఐదుగురు లాంటి నిబంధనలు, దీంట్లో ఎలాగూ ఉండవు.

పిచ్ పాఠం చూసి ఉత్సాహంగా ఏ ఛానల్‌కో కథ పంపేముందు, ముంబైలోని స్క్రీన్‌రైటర్స్ అసోసియేషన్‌లో సభ్యత్వం తీసుకుని దాన్ని ఆన్‌లైన్‌లో రిజిస్టర్ చేయండి. 2012 కాపీరైట్ సవరణ తర్వాత రచయిత రాయల్టీ హక్కును పూర్తిగా రాసిచ్చేసే ఒప్పందం చెల్లదు, కానీ ఆ నిబంధనని చూపించి అడిగేవాళ్లు తక్కువ.

చూసే వరస: స్క్రిప్ట్ నిర్మాణం, స్కాండల్ పైలట్ విశ్లేషణ, స్క్రిప్టు దిద్దుకోవడం. మిగతావి తర్వాత. రాసిన చిత్తుప్రతి ఒకటైనా చేతిలో లేకపోతే ఇప్పుడే కొనకండి, ఏడాది చందా గడియారం కొన్న రోజు నుంచే తిరుగుతుంది.