మార్చేముందు కొలిచి చూసే షాపు: విజయనగరంలో క్రాంక్ సెన్సర్ పని

విజయనగరంలో కారు కరెంటు పని, అందులోనూ సెన్సర్ల పని, నమ్మి ఎవరికి అప్పగించవచ్చని అడిగితే నేను చెప్పేది ఒకటే షాపు. నెల్లిమర్ల వెళ్లే రోడ్డులో ఊరు దాటుతుండగా టైర్ల షాపుని ఆనుకుని ఒక రేకుల షెడ్డు ఉంటుంది, బోర్డు మీద ఆటో ఎలక్ట్రికల్ వర్క్స్ అని తప్ప ఇంకేమీ రాసుండదు, బయట ఎప్పుడు చూసినా రెండు మూడు బండ్లు బానెట్లు తెరుచుకుని ఉంటాయి. మనుషులు ఇద్దరే, మేస్త్రీగారు, ఆయన దగ్గర పని నేర్చుకుంటున్న కుర్రాడు. ఐదుకి ఐదు స్టార్లు ఇస్తున్నాను. కాస్త వివరంగానే రాస్తాను, ఎందుకంటే ఇంజిన్ ఎంత వేగంగా, ఏ స్థితిలో తిరుగుతోందో కనిపెట్టే ఈ క్రాంక్ సెన్సర్ పేరు చెప్పి ఊరికే డబ్బు పోగొట్టుకుంటున్నవాళ్లు మా చుట్టుపక్కలే చాలామంది ఉన్నారు.

మాది పదేళ్లు దాటిన చిన్న డీజిల్ కారు. రాజాం నుంచి విజయనగరం ఆస్పత్రికి నాన్నగారిని చెకప్‌కి తీసుకెళ్లేది అందులోనే. ఎండలు ముదిరాక మొదలైంది దీని రోగం. పొద్దున్న చల్లగా ఉన్నప్పుడు ఒక్క సెల్ఫ్‌కే స్టార్ట్ అయ్యేది, గంట నడిచి ఇంజిన్ బాగా వేడెక్కాక, గరివిడి దాటిందా, గుర్ల దగ్గరికొచ్చిందా, ఉన్నట్టుండి ఆగిపోయేది. ముందుగా జర్కు ఇవ్వడం, పొగ రావడం, అలాంటివేమీ లేవు, తాళం తిప్పి ఆపేసినట్టు ఆగేది. నడుస్తున్న బండి అలా ఆగితే పవర్ స్టీరింగ్ పోయి చక్రం బరువెక్కుతుంది, బ్రేకు రెండు మూడుసార్లు నొక్కేసరికి బ్రేకుకి సాయపడే వ్యాక్యూమ్ అయిపోయి పెడల్ గట్టిపడుతుంది, వెనకాల ఇసుక లారీ వస్తుంటుంది, పక్క సీట్లో నాన్నగారు. ఆ టెన్షన్ పడ్డవాళ్లకే తెలుసు. పక్కకి తీసి సెల్ఫ్ కొడితే ఇంజిన్ తిరుగుతుంది గానీ అంటుకోదు. అరగంట బానెట్ తెరిచి ఉంచితే ఏమీ జరగనట్టు స్టార్ట్ అవుతుంది.

ముందు వేరే ఒక వర్క్‌షాపుకి తీసుకెళ్లాం. బండిలోని లోపాల కోడ్‌లు చదివే స్కానర్ పెట్టి పీ0335 అని కోడ్ చూపించి, క్రాంక్ సెన్సర్ పోయిందని కొత్తది వేసి పంపారు. కొన్నాళ్లు బాగానే నడిచి మళ్లీ అదే కథ. మళ్లీ వెళితే ఈసారి ఇంజిన్‌ని నడిపించే కంప్యూటర్, అదే ఈసీఎం, దాని మీద అనుమానం అన్నారు, దాని ఖరీదు విన్నాక ఆలోచించుకుని వస్తామని బండి తెచ్చేసుకున్నాం. అక్కడ ఒక్కరు కూడా మీటరు పట్టుకోలేదు. నాకు కోపం వచ్చేది అక్కడే.

పీ0335 అనే కోడ్ చెప్పేది సెన్సర్ చెడిపోయిందని కాదు, క్రాంక్ సెన్సర్ సర్క్యూట్‌లో తేడా ఉందని. సర్క్యూట్ అంటే సెన్సర్, దాని కప్లర్ (వైర్లని తగిలించే ప్లగ్గు), అక్కడి నుంచి ఈసీఎం దాకా వెళ్లే వైర్లు, సెన్సర్ ఎదురుగా తిరిగే పళ్ల చక్రం, చివరికి ఈసీఎం, ఇవన్నీ కలిపి. వీటిలో ఏది తప్పినా అదే కోడ్ రావచ్చు. పీ0336 అయితే సిగ్నల్ వస్తోంది గానీ సరిగ్గా లేదని, పీ0339 అయితే వస్తూ పోతూ ఉందని. కోడ్ చూసి అనుమానించాలి, కొలిచి తేల్చుకోవాలి. ఈ మాట ఈ షాపు మేస్త్రీగారు చెప్పిందే.

మా బావమరిది చెబితే ఫోన్ చేశాను. మేస్త్రీగారు చెప్పిన మొదటి మాట, "బండిని వేడి మీదే తీసుకురండి బాబూ, చల్లారాక తెస్తే రోగం దొరకదు." రెండోది, సెల్ఫ్ కొట్టినప్పుడు మీటర్లో ఆర్‌పీఎం ముల్లు కాస్తయినా కదులుతోందా అని. చాలా బండ్లలో ఆర్‌పీఎం చూపించేది క్రాంక్ సెన్సర్ ఇచ్చే సిగ్నల్‌ని బట్టే, కాబట్టి ఇంజిన్ తిరుగుతున్నా ముల్లు సున్నా మీదే ఉంటే అనుమానం బలపడుతుంది. ఆయన ఆ ముల్లుతోనే సరిపెట్టుకోలేదు, మేం షెడ్డు ముందుకి వచ్చి ఆపగానే స్కానర్ తగిలించి, లైవ్ డేటాలో ఆర్‌పీఎం పెట్టుకుని, నన్ను సెల్ఫ్ కొట్టమన్నారు. మామూలుగా 200 చుట్టుపక్కల కనిపించాలి. ఒకసారి కనిపించింది, మళ్లీ కొడితే సున్నా. ఆయన మొహంలో సంతోషం చూడాలి, రోగం ఆయన కళ్ల ముందే బయటపడినందుకు.

ఇక సెన్సర్ ఎక్కడుందో వెతకడం. ఇది బండి బండికీ మారుతుంది. కొన్నింటిలో ముందువైపు క్రాంక్ పుల్లీ పక్కన ఉంటుంది, కొన్నింటిలో వెనక గేర్‌బాక్స్ ఇంజిన్‌ని కలిసే చోట ఫ్లైవీల్ వైపు చూస్తూ ఉంటుంది, ఇంకొన్నింటిలో ఇంజిన్ బ్లాక్ పక్కన దూర్చి ఉంటుంది. మా దానిలో పుల్లీ దగ్గర, కింద. కుడి ముందు చక్రం ఊడదీసి, లోపలి ప్లాస్టిక్ కవర్ తప్పిస్తే కనబడుతుంది. బండిని జాకీ మీద లేపి వదిలేయకుండా కింద స్టాండ్ పెట్టాకే కుర్రాడిని చెయ్యి పెట్టనిచ్చారు, బెల్టు దగ్గర చేతులున్నంతసేపూ తాళం తన జేబులోనే పెట్టుకున్నారు. నేను చాలా షెడ్లు చూశాను, ఈ జాగ్రత్త అన్నిచోట్లా లేదు.

సెన్సర్ చూస్తే బొటనవేలంత నల్లటి ముక్క, ఒకే ఒక్క 10 నంబర్ బోల్టు. దాని ఎదురుగా క్రాంక్ షాఫ్ట్‌తో, అంటే ఇంజిన్ ప్రధాన ఇరుసుతో, పాటు తిరిగే పళ్ల చక్రం. చాలా ఇంజిన్లలో ఈ చక్రానికి 60 పళ్ల లెక్క ఉంటుంది, అందులో రెండు కావాలనే తీసేస్తారు, కాబట్టి ఉండేవి 58. ఒక్కో పన్నూ 6 డిగ్రీలకి లెక్క, ఆ రెండు పళ్ల ఖాళీ వచ్చినప్పుడల్లా ఈసీఎంకి ఇంజిన్ ఎక్కడుందో తెలుస్తుంది, దాన్ని బట్టే డీజిల్ ఎప్పుడు కొట్టాలో నిర్ణయిస్తుంది. ఆ లెక్క అందకపోతే డీజిల్ కొట్టదు, అందుకే ఇంజిన్ తిరుగుతుంది గానీ అంటుకోదు. ఇదంతా ఆయన చక్రాన్ని టార్చి లైటుతో చూపిస్తూ కుర్రాడికి చెబుతుంటే నేను పక్కన నిలబడి విన్నాను. సెన్సర్ కొనకి సన్నటి ఇనుప రజను అంటుకుని ఉంది, అది అయస్కాంతం కాబట్టి అంటుకుంటుంది, గుడ్డతో తుడిచేశారు. ఎక్కువ పేరుకుంటే సిగ్నల్ తేడా చేస్తుందట.

కొలతలు మొదలయ్యాయి. మాది రెండు వైర్ల సెన్సర్, లోపల అయస్కాంతం చుట్టూ రాగి తీగ చుట్ట తప్ప ఇంకేమీ ఉండదు. కప్లర్ తీసి మల్టీమీటర్‌ని రెసిస్టెన్స్ కొలిచే ఓమ్స్‌లో పెట్టి సెన్సర్ రెండు పిన్నుల మీద ఆనించారు. 1060 దగ్గర చూపించింది. నేను ఎక్కువగా ఉందా అని అడిగితే, వేడి మీద ఉంది కదా, రాగి వేడెక్కితే రెసిస్టెన్స్ పెరుగుతుంది, చల్లారాక చూద్దాం అన్నారు. చల్లారాక 860. "ఇంత పెరగడం సహజమే బాబూ, వేడి మీద మీటరు ఏమీ చూపించకుండా పోతే అప్పుడు సెన్సర్ పోయినట్టు" అని రెండు అంకెలూ గోడకి వేలాడే నోటుబుక్కులో రాసుకున్నారు. ఎంత ఉండాలనేది కంపెనీని బట్టి మారుతుంది, కొన్నింటికి రెండు మూడు వందలే, కొన్నింటికి వెయ్యి పైమాటే, కాబట్టి పక్కవాడి బండి అంకెతో పోల్చుకోకండి. తర్వాత ఒక్కో పిన్నుకీ ఇంజిన్ బాడీకీ మధ్య చూశారు, అక్కడ ఏమీ చూపించకూడదు, చూపించలేదు. ఆపైన మీటరుని ఏసీ వోల్టులకి మార్చి నన్ను సెల్ఫ్ కొట్టమన్నారు. అర వోల్టు దాటింది. ఇంజిన్ వేగం పెరిగేకొద్దీ ఈ వోల్టేజీ పెరుగుతుంది, సెల్ఫ్ మీద ఆ మాత్రం వస్తే సెన్సర్ పని చేస్తున్నట్టే.

అంటే సెన్సర్ బాగుంది. మేం డబ్బు పెట్టి మార్పించిన పాతది డిక్కీలో ఉంటే అది కూడా తెమ్మన్నారు. దాన్ని కొలిస్తే ఇంచుమించు అదే అంకె, వేడి గాలి మెషీన్‌తో కాసేపు వేడి చేసి చూసినా తెగిపోలేదు. అదీ బాగానే ఉంది.

బ్యాటరీ నెగటివ్ తీసి, ఈసీఎం కప్లర్ ఊడదీసి, ఇటు సెన్సర్ కప్లర్ నుంచి అటు ఈసీఎం పిన్ను దాకా ఒక్కో వైరునీ మీటరు బీప్ మోడ్‌లో (వైరు తెగకుండా ఉంటే మోగుతుంది) చూశారు. బీప్ వస్తోంది. కుర్రాడు వైరింగ్‌ని కింద నుంచి పైకి కొద్దికొద్దిగా కదుపుకుంటూ వస్తుంటే, బ్యాటరీ ట్రే కింద ఇనుప బ్రాకెట్ దగ్గర బీప్ ఆగిపోయింది. వదిలితే మళ్లీ వచ్చింది. మేస్త్రీగారు టేపు విప్పి చూపించారు. వైరింగ్‌ని పట్టి ఉంచే క్లిప్పు ఎప్పుడో విరిగిపోయింది, వైరు బ్రాకెట్ అంచుకి రాసుకుని పైతొడుగు చిరిగి, లోపల రాగి పచ్చగా చిలుము పట్టి, రెండు మూడు పోగుల మీద వేలాడుతోంది. వేడికి తొడుగు మెత్తబడి సాగినప్పుడు ఆ పోగులు విడిపోతున్నాయి, చల్లారితే మళ్లీ తగులుతున్నాయి. సముద్రపు గాలి తగిలే మన ప్రాంతంలో ఈ పచ్చ చిలుము మామూలే అన్నారు ఆయన, కోతల కాలంలో ఎలుకలు కొరికిన వైర్లు కూడా చాలా వస్తాయట.

బాగు చేసిన తీరు చెప్పాలి. రెండు కొసలు మెలిపెట్టి టేపు చుట్టి పంపలేదు. పాడైన ముక్క కత్తిరించి, అదే మందం వైరు వేసి, సోల్డర్ చేసి, ష్రింక్ ట్యూబ్ వేసి, రెండు వైర్లనీ మళ్లీ పేనినట్టు మెలిపెట్టారు. అవి అలా ఉండేది అందం కోసం కాదు, పక్కనున్న ఆల్టర్నేటర్, ఇతర వైర్ల గోల సిగ్నల్‌లోకి రాకుండా. కొత్త క్లిప్పు వేసి బ్రాకెట్‌కి దూరంగా కట్టారు. తర్వాత నన్ను పక్కన కూర్చోబెట్టుకుని రామతీర్థం దాకా నడిపి తెచ్చి, స్కానర్‌లో మళ్లీ చూశాకే డబ్బు మాట ఎత్తారు. టెస్టింగ్‌కి 500, వైరింగ్‌కి 300. బండి అప్పటి నుంచి ఇప్పటిదాకా దారిలో ఆగలేదు, ఈ వేసవి మధ్యాహ్నాల్లో కూడా.

టెస్టింగ్‌కి విడిగా డబ్బు తీసుకుంటారని కొందరు ఈ షాపు మీద గొణుగుతుంటారు, నేను విన్నాను. నా మటుకు అది చాలా న్యాయం. పార్టు అమ్మితేనే ఆదాయం వచ్చే చోట పార్టే మారుస్తారు. ఇక్కడ కొలిచినందుకు డబ్బిస్తున్నాం కాబట్టి సెన్సర్ బాగుంటే బాగుందని చెబుతారు. ఆయన సాలూరు లారీ షెడ్లలో వైరింగ్ పని నేర్చుకున్నారట, ఓపిక అక్కడే వచ్చి ఉంటుంది.

ఆరోజే పక్కన ఒక పెట్రోల్ కారు ఉంది, దానిది మూడు వైర్ల హాల్ సెన్సర్. ఈ రకానికి ఓమ్స్ పెట్టి చూడకూడదని కుర్రాడిని గట్టిగానే హెచ్చరించారు, లోపల ఎలక్ట్రానిక్ సర్క్యూట్ ఉంటుంది, ఆ అంకెకి అర్థం ఉండదు, ఒక్కోసారి పాడవుతుంది కూడా. దానికి ముందు సప్లై వస్తోందా చూడాలి, బండిని బట్టి 5 వోల్టులో 12 వోల్టులో, తర్వాత ఎర్త్ బాగుందా, ఆ తర్వాత కప్లర్ తగిలించే ఉంచి వెనక నుంచి సన్నటి పిన్ను దూర్చి సిగ్నల్ వైరు చూడాలి. వైరు తొడుగుని సూదితో పొడవకూడదు, ఆ కన్నంలోంచి తేమ వెళ్లి రేపు ఇంకో రోగం తెస్తుంది. తాళం ఆన్‌లో పెట్టి పుల్లీ బోల్టుకి స్పానర్ వేసి ఇంజిన్‌ని చేత్తో మెల్లగా తిప్పితే మీటరు 0కీ 5కీ మధ్య మారుతూ కనిపించింది. మా రెండు వైర్ల సెన్సర్‌కి చేత్తో తిప్పితే ఏమీ రాదు, దానికి వేగం కావాలి.

నిజంగా సెన్సరే పోయిందని తేలితే పార్టు నంబరు కాగితం మీద రాసిచ్చి మనల్నే తెచ్చుకోమంటారు. ఇది ముఖ్యం, ఎందుకంటే స్పేర్ల షాపుల్లో క్రాంక్ సెన్సర్ అడిగితే వాల్వులు తెరిచే క్యామ్ షాఫ్ట్‌కి పెట్టే క్యామ్ సెన్సర్ చేతిలో పెట్టిన సందర్భాలున్నాయి, రెండూ చూడ్డానికి దగ్గరగానే ఉంటాయి. డూప్లికేట్ అయితే పొడవులో చిన్న తేడా వచ్చినా చక్రానికీ సెన్సర్‌కీ మధ్య సందు మారిపోతుంది, ఆ సందు ఉండేదే మిల్లీమీటర్ అటూ ఇటూ. కొన్ని బండ్లకి కొత్తది వేశాక స్కానర్‌తో రీలెర్న్ (కొత్త సెన్సర్‌ని ఈసీఎంకి అలవాటు చేయడం) కూడా చేయాలి, ఆ పని ఇక్కడ చేస్తారు.

నచ్చనివి కూడా రాయాలి. కూర్చోడానికి ఒక బెంచీ తప్ప ఏమీ లేదు, రేకుల కింద ఎండాకాలం మహా వేడి, పెద్దవాళ్లని వెంట తీసుకెళ్లొద్దు. సాయంత్రానికి ఇస్తామంటే చీకటి పడొచ్చు. ఈసీఎం విప్పే పని, ఆటోమేటిక్ గేర్‌బాక్స్ పని చేయరు, ఆ మాట ముందే చెప్పేస్తారు. రసీదు అడిగితే గానీ ఇవ్వరు.

మధ్యాహ్నం రెండు నుంచి మూడున్నర దాకా భోజనానికి మూస్తారు, ఆదివారం మధ్యాహ్నం వరకే ఉంటారు. వెళ్లేముందు ఫోన్ చేసి బండి ఎప్పుడు ఆగుతోందో, వేడి మీదా చల్లగా ఉన్నప్పుడా, చెప్పండి. మీరు ఇప్పటికే సెన్సర్ మార్పించి ఉంటే ఆ పాతది పారేయకుండా పట్టుకెళ్లండి, దాన్ని కూడా కొలిచి చెబుతారు, దానికి డబ్బు తీసుకోరు.