వాల్ట్ విట్‌మన్ ‘లీవ్స్ ఆఫ్ గ్రాస్’: ఏ ఎడిషన్ కొనాలి?

అమెరికన్ కవి విట్‌మన్ కవితా సంపుటి ‘లీవ్స్ ఆఫ్ గ్రాస్’ ఒకే పేరుతో అమ్ముడవుతున్నా, నిజానికి ఇవి రెండు పుస్తకాలు. 1855లో బ్రూక్లిన్‌లో అచ్చయిన మొదటి ఎడిషన్‌లో ఉన్నవి 12 కవితలే. 1891-92 నాటి చివరి ఎడిషన్‌లో దాదాపు 400. ఈ మధ్యకాలంలో కవి పుస్తకాన్ని తిరగరాస్తూనే ఉన్నాడు. దేశమూ ఊరుకోలేదు, 31 రాష్ట్రాలు 44 అయ్యాయి. కవితలు ఎక్కువ కదా అని చాలామంది చివరిదే కొంటారు. మా ఓటు మొదటిదానికి.

అమెరికా పడమటి సరిహద్దు, అంటే తెల్లవాళ్ల వలస అప్పటికి చేరిన అంచు, అందులో పచ్చిగా ఉంది. తోళ్ల కోసం ఉచ్చులు పన్నే వేటగాడు ఆరుబయట ఆదివాసీ అమ్మాయిని పెళ్లాడతాడు. ఆ వెంటనే, పారిపోయి వచ్చిన బానిసకు ఇంట్లో చోటు దొరుకుతుంది. ఇంకొంత దూరం పోతే 1836లో టెక్సాస్‌లోని గోలియాడ్‌లో లొంగిపోయిన సైనికుల ఊచకోత. ఇదంతా ఒకే పొడుగాటి కవిత; భాగాల అంకెల్లేవు. పాదం మధ్యలో వరసగా నాలుగేసి చుక్కలు. అక్కడ ఊపిరి తీసుకోవాలి. పైకి చదివితేనే ఆ సంగతి తెలుస్తుంది. తర్వాతి ముద్రణల్లో చాలాచోట్ల చుక్కలు పోయి కామాలొచ్చాయి, కవిత 52 భాగాలైంది, ‘సాంగ్ ఆఫ్ మైసెల్ఫ్’ అన్న పేరు 1881లో గానీ రాలేదు.

ఆ పేరు చూసి మాత్రం ఎడిషన్ తేల్చేయొద్దు. 1855 పాఠం వేసే సంపాదకులు కూడా పాఠకుల సౌకర్యం కోసం దాన్ని చేర్చడం ఉంది. చుక్కలున్నాయా, కవితలకు ముందు వచనంలో పెద్ద ముందుమాట ఉందా చూడండి. రెండూ లేకపోతే అట్ట మీద ఏమున్నా అది తర్వాతి పాఠమే.

పేజీ వెడల్పు ఇంకో చిక్కు. మొదటి పుస్తకం పెద్ద సైజులో వచ్చింది, పాదాలూ అంత పొడుగు. జేబు సైజు ప్రతుల్లో ఒక్కో పాదం రెండు మూడు వరసలకు విరుగుతుంది. విరిగిన వరస కాస్త లోపలికి జరిగి ఉంటే ఫర్వాలేదు. చవక ఈ-బుక్కుల్లో అదీ ఉండదు, ఏది కొత్త పాదమో తెలీదు. ఫోన్ అడ్డంగా తిప్పి, అక్షరాలు చిన్నవి చేసుకోవాలి.

పడమటికి సాగే వలసదారుల పాట ‘పయనీర్స్! ఓ పయనీర్స్!’ కావాలంటే 1855లో దొరకదు, అది 1865 నాటిది. నాలుగు పాదాల చరణాలు, కవాతు నడక, ప్రతి చరణం చివరా అదే పల్లవి. విట్‌మన్ పడమటనున్న కొలరాడో దాకా వెళ్లింది 1879లో, అంటే ఇది చూడకుండా కట్టిన పాట! ఆ నేల మీద అప్పటికే ఉన్నవాళ్ల ఊసు అందులో కనిపించదు. అయినా ఇదీ, లింకన్ స్మృతి కవితలూ కావాలంటే చివరి ఎడిషన్ తప్పదు. మొదట్లో వచ్చే చిట్టి కవితలు దాటేసి, ‘పయనీర్స్’ కోసం ‘బర్డ్స్ ఆఫ్ పాసేజ్’ విభాగం, లింకన్ కవితల కోసం ‘మెమరీస్ ఆఫ్ ప్రెసిడెంట్ లింకన్’ విభాగం తెరవండి.