పాత కన్సోల్ గేమ్‌లన్నీ ఒకే పెన్‌డ్రైవ్‌లో అని అమ్ముతున్నారు, కొనకండి

పాత కన్సోల్ గేమ్‌ల ఆర్కైవ్ మొత్తం అంటూ అమ్ముతున్న 2 టీబీ పెన్‌డ్రైవ్ ఒకటి ఆన్‌లైన్‌లో కొని మోసపోయాను. మీరూ ఇప్పటికే కొని ఉంటే, సొంత ఫైల్ ఒక్కటి కూడా అందులో ఎక్కించకండి.

2023 మార్చి 27న నింటెండో 3డీఎస్, వీ యూ కన్సోల్‌ల ఆన్‌లైన్ షాపుల్లో అమ్మకాలు ఆగిపోయాక, ఇప్పుడు దాచుకోకపోతే ఇక దొరకవన్న భయం నాకు పట్టుకుంది. ఇలాంటి ప్రకటనలు ఆ భయం మీదే నడుస్తాయి.

డ్రైవ్ పెట్టగానే కన్సోల్‌కో ఫోల్డర్, వేల పేర్లు కనిపించాయి. నాలుగైదు ఆడి చూశాను, బాగానే నడిచాయి. ఆ నమ్మకంతో నా కార్ట్రిడ్జ్‌ల (కన్సోల్‌లో పెట్టే గేమ్ క్యాసెట్‌ల) నుంచి తీసిన డంప్‌లు, అంటే గేమ్ మొత్తం కాపీలు, ఆట ఎక్కడిదాకా వచ్చిందో దాచే సేవ్ ఫైళ్లు కూడా అందులోకి మార్చి, కంప్యూటర్‌లోంచి తీసేశాను. రెండు నెలల తర్వాత చూస్తే పేర్లున్నాయి, సైజులున్నాయి, లోపలంతా సున్నాలు. డంప్ మళ్లీ తీసుకోవచ్చు. మా చెల్లి చిన్నప్పుడు ఆడిన సేవ్ మాత్రం పోయినట్టే. కార్ట్రిడ్జ్‌లో దాన్ని నిలిపి ఉంచే బ్యాటరీ ఈలోగా అయిపోయింది.

పరీక్షిస్తే అందులో నిజంగా ఉన్న చోటు 64 జీబీ లోపే. డ్రైవ్‌ను నడిపే కంట్రోలర్ చిప్‌తో అబద్ధపు సైజు చెప్పిస్తున్నారు. ఆ చోటు నిండాక ఎక్కించినది ఎక్కడా నిలవదు, లేదా పాతదాని మీద పడి దాన్నీ చెరిపేస్తుంది. కాపీ పూర్తయిందనే చూపిస్తుంది. విండోస్‌లో హెచ్2టెస్ట్‌డబ్ల్యూ, లినక్స్‌లో ఎఫ్3 అనే ఉచిత ప్రోగ్రామ్‌లు ఖాళీ డ్రైవ్‌ను నింపి, తిరిగి చదివి ఈ మోసం బయటపెడతాయి.

మిగిలిన గేమ్‌లైనా సరిగా ఉన్నాయా అంటే అదీ లేదు. అసలు గేమ్ కాపీల వివరాలు నమోదు చేసే రీడంప్, నో-ఇంట్రో డేటాబేస్‌లలోని చెక్‌సమ్‌లతో (ఫైల్‌లో ఏదైనా మారితే తానూ మారిపోయే గుర్తింపు సంఖ్యలతో) పోల్చాను. కొన్ని ప్లేస్టేషన్ గేమ్‌లలో సీడీ ఆడియో ట్రాక్‌లు తీసేశారు, ఆట నడుస్తుంది కానీ సంగీతం ఉండదు. సుమారు 1 జీబీ పట్టే సెగా డ్రీమ్‌కాస్ట్ కన్సోల్ డిస్క్‌లను 700 ఎంబీ సీడీలో పట్టేలా వీడియోలు, శబ్దం కుదించినవి పెట్టారు. వీటిని భద్రపరిచామని ఎలా చెబుతారు? (నింటెండో పాత కన్సోల్ ఎన్ఈఎస్ గేమ్ ఫైళ్లకు ముందు, ఎమ్యులేటర్ కోసం గేమ్ వివరాలు చెప్పే 16 బైట్ల హెడర్ ఉంటుంది. దానివల్ల కూడా చెక్‌సమ్ తేడా వస్తుంది, అంతమాత్రాన టెన్షన్ పడొద్దు.)

అమ్మిన వ్యక్తిని అడిగితే "ఫోల్డర్లు కనిపిస్తున్నాయి కదా" అన్నారు. వాపసు గడువు అప్పటికే దాటిపోయింది. అదే ఫొటోతో, ఇంకో పేరు మీద ఆ డ్రైవ్ ఇప్పటికీ అమ్మకంలో ఉంది.