బిగ్ మామా థార్న్‌టన్ ‘ఇన్ యూరప్’: హిట్ పాటకంటే ముందు వినాల్సిన రికార్డు

బిగ్ మామా థార్న్‌టన్ అనే అమెరికన్ బ్లూస్ గాయని (బ్లూస్ అంటే అమెరికా దక్షిణాది రాష్ట్రాల్లో నల్లజాతివాళ్ళ మధ్య పుట్టిన సంగీతం) పేరెత్తగానే చాలామంది ‘హౌండ్ డాగ్’ని ఎల్విస్ ప్రెస్లీకంటే ముందు పాడినావిడ కదా అంటారు. ఆ వెంటనే ఆవిడకి జరిగిన అన్యాయం గురించి మొదలుపెడతారు. అన్యాయం జరిగిన మాట నిజమే, కింద నేనూ రాశాను. కానీ ఆవిడ ఎలా పాడుతుంది, ఆ గొంతులో ఏముంది అన్న సంగతి దగ్గరికి మాత్రం ఎవరూ రారు. అది తెలుసుకోవాలనుకునేవాళ్ళకి నేను ముందుగా చెప్పే రికార్డు ‘బిగ్ మామా థార్న్‌టన్ ఇన్ యూరప్’. 1965 అక్టోబరు 20న లండన్‌లో రికార్డు చేశారు, 1966లో అర్హూలీ అనే అమెరికన్ రికార్డు కంపెనీ విడుదల చేసింది. నా దగ్గరున్నది చాలా ఏళ్ళ తర్వాత అదనపు పాటలు చేర్చి తెచ్చిన సీడీ.

ఈ రికార్డు రావడానికి కారణం ఒక సంగీతయాత్ర. హార్స్ట్ లిప్‌మన్, ఫ్రిట్జ్ రౌ అనే ఇద్దరు జర్మన్లు 1962 నుంచి అమెరికన్ బ్లూస్ కళాకారుల్ని యూరప్ తీసుకెళ్ళి ఊరూరా కచేరీలు పెట్టించేవాళ్ళు. 1965 బృందంలో బిగ్ మామా ఉంది. అర్హూలీ యజమాని క్రిస్ స్ట్రాక్‌విట్జ్ ఆ అవకాశం చూసుకుని, బృందంలోని వాళ్ళనే ఆవిడ చుట్టూ కూర్చోబెట్టి స్టూడియోలో ఈ పాటలు పట్టుకున్నాడు. గిటార్ మీద బడ్డీ గై, అప్పటికి 29 ఏళ్ళ కుర్రాడు. డ్రమ్స్ మీద ఫ్రెడ్ బిలో, కీబోర్డు మీద ఎడ్డీ బాయిడ్. చికాగో నగరంలో కరెంటు గిటార్లతో పెరిగిన బ్లూస్‌లో వీళ్ళని మించిన జట్టు దొరకడం కష్టం. బిగ్ మామాకి అప్పుడు 38 ఏళ్ళు. ‘హౌండ్ డాగ్’ హిట్టయి పన్నెండేళ్ళు దాటింది, కొత్త హిట్లు లేవు, కాలిఫోర్నియాలో శాన్ ఫ్రాన్సిస్కో చుట్టుపక్కల క్లబ్బుల్లో పాడుకుంటూ బతుకుతోంది. ఆవిడ పని అయిపోయిందని కంపెనీలు అనుకుంటున్న రోజులవి. రికార్డు వింటే ఆ ఛాయ ఎక్కడా కనిపించదు.

నాది లావు గొంతు. స్కూల్లో బృందగానం పాడేటప్పుడు నన్ను వెనక వరసలో నిలబెట్టి, నువ్వు కాస్త మెల్లగా పాడమ్మా అనేవాళ్ళు. ఆడగొంతు అంటే సన్నగా ఉండాలి, పైస్థాయికి వెళ్ళాలి, తియ్యగా ఉండాలి అనే లెక్కల్లోనే పెరిగాను. అందుకే ఈవిడ గొంతు మొదటిసారి చెవిన పడ్డప్పుడు నాకు కలిగిన సంతోషం అంతా ఇంతా కాదు. కింది స్థాయిలో మొదలుపెట్టి అక్కడే నిలబడుతుంది. బొంగురుని దాచుకోదు, సాగదీస్తుంది, గరగరలాడిస్తుంది, అవసరమైనచోట గర్జిస్తుంది. అరిచిందనుకున్న మరుక్షణమే పక్కన కూర్చున్న మనిషితో మాట్లాడినట్టు తగ్గిస్తుంది. అంత పెద్ద గొంతులో ఇంత అదుపు ఉండటం నేను చాలా తక్కువమంది దగ్గర విన్నాను.

ఆవిడ అసలు పేరు విల్లీ మే థార్న్‌టన్. 1926 డిసెంబరు 11న అలబామా రాష్ట్రంలో పుట్టింది. తండ్రి బాప్టిస్ట్ పాస్టర్, తల్లి చర్చిలో పాడేది. తల్లి చనిపోయేనాటికి ఈవిడ ఇంకా చిన్నపిల్ల. పొట్టకూటికి సారా దుకాణంలో ఉమ్మితొట్లు కడిగే పని చేసింది. ఆ తర్వాత అట్లాంటా నుంచి తిరిగే సామీ గ్రీన్ వాళ్ళ నాటక, నృత్య బృందంలో చేరి ఏళ్ళ తరబడి దక్షిణాది రాష్ట్రాలన్నీ తిరిగింది. డ్రమ్స్, మౌత్ ఆర్గాన్ ఎవరూ నేర్పలేదు, ఇతరులు వాయిస్తుంటే చూసి పట్టుకుంది. 1948 ప్రాంతంలో టెక్సాస్‌లోని హ్యూస్టన్‌లో దిగిపోయి, 1951లో డాన్ రోబీ నడిపే పీకాక్ రికార్డ్స్‌లో సంతకం పెట్టింది. ఆరడుగుల ఎత్తు, భారీ శరీరం. వేదిక మీదికి కూడా చాలాసార్లు మగవాళ్ళ చొక్కా, ప్యాంటు, బూట్లతోనే వచ్చేది. పాటగత్తె అంటే మెరిసే గౌను వేసుకుని వయ్యారంగా నిలబడాలని అందరూ అనుకునే 1950ల్లో సంగతి ఇది. ‘బిగ్ మామా’ అనే పేరు 1952లో న్యూయార్క్‌లోని అపోలో థియేటర్ మేనేజర్ ఫ్రాంక్ షిఫ్‌మన్ పెట్టాడు.

డ్రమ్స్ వాయించే మనిషి పాడితే తేడా తెలుస్తుంది. బ్లూస్‌లో సాధారణంగా మొదటి వాక్యం రెండుసార్లు వస్తుంది, మూడో వాక్యం దానికి జవాబు చెబుతుంది. మొత్తం 12 బార్లు (తాళపు ఆవర్తాలు). చూడటానికి చాలా చిన్న చట్రం. చాలామంది రెండోసారి అదే వాక్యాన్ని అలాగే పాడేస్తారు. ఈవిడ మొదటిసారి తాళం మీద తిన్నగా నడిపించి, రెండోసారి కావాలనే వెనకబడుతుంది. బ్యాండ్ ముందుకు వెళ్ళిపోతుంటుంది, ఈవిడ ఇంకా అక్కడే ఉంటుంది, తప్పిపోయిందేమో అని మనకి టెన్షన్ మొదలయ్యేసరికి సరిగ్గా దిగాల్సిన చోట దిగుతుంది. ‘స్వీట్ లిటిల్ ఏంజెల్’లో ఈ పనితనం గమనించండి. ఆ పాటని 1956లో గిటారిస్టు బి. బి. కింగ్ పెద్ద హిట్ చేశాక అది మగవాడి పాటగా స్థిరపడిపోయింది. నిజానికి దాని మూలం 1930లో లూసిల్ బోగన్ అనే ఆవిడ ఇచ్చిన రికార్డు. బిగ్ మామా దాన్ని మళ్ళీ ఆడగొంతులోకి తెచ్చుకుంది. బడ్డీ గై గిటార్ కూడా ఇక్కడ చక్కగా ఒదిగి, ఆవిడ ఆగినచోట మాత్రమే మాట్లాడుతుంది.

‘లిటిల్ రెడ్ రూస్టర్’ సంగతి ఇంకో రకం. విల్లీ డిక్సన్ రాసిన ఈ పాటని 1961లో చికాగో గాయకుడు హౌలిన్ వుల్ఫ్ పాడాడు. 1964 డిసెంబరులో లండన్ బ్యాండ్ రోలింగ్ స్టోన్స్ కుర్రాళ్ళు ఇదే పాటతో బ్రిటన్‌లో నంబర్ వన్ కొట్టారు. ఏడాది తిరక్కుండానే బిగ్ మామా లండన్‌లో నిలబడి అదే పాట పాడింది. ఆ ఊరి కుర్రాళ్ళు ఎవరి దగ్గర నేర్చుకున్నారో తెలియాలంటే ఇది వింటే చాలు.

ఇక ఈ రికార్డులో నాకు ప్రాణమైనవి రెండు పాటలు, ‘స్కూల్ బాయ్’, ‘మై హెవీ లోడ్’. వీటిలో చికాగో జట్టు పక్కకి తప్పుకుంటుంది. గిటార్‌తో మిసిసిపీ ఫ్రెడ్ మెక్‌డవెల్ వస్తాడు. ఆయన వ్యవసాయం చేసుకుంటూ శనివారం రాత్రి విందుల్లో వాయించిన మనిషి, బయటి ప్రపంచానికి తెలిసేనాటికే యాభై దాటాయి. తీగల మీద గాజుగొట్టం జార్చి వాయిస్తాడు. గొంతులాగే సాగే ఆ నాదం, బిగ్ మామా వాక్యం చివర మాట మింగేస్తే ఆ మాటని గిటార్‌తో పూర్తి చేస్తుంది. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని వింటే ఆవిడ ఊపిరి తీసుకోవడం, మాటకి ముందు ఒక్క క్షణం తటపటాయించడం కూడా తెలుస్తాయి. బ్యాండ్‌తో పాడినప్పటి దర్జా ఇక్కడ ఉండదు. పల్లెటూరి అలబామా పిల్ల, పల్లెటూరి రైతు, ఇద్దరూ ఎదురెదురుగా కూర్చుని కష్టం చెప్పుకుంటున్నట్టుంటుంది. ఇలాంటివి రెండే ఉండటం నా పెద్ద అసంతృప్తి. వీళ్ళిద్దరితో ఒక రికార్డు మొత్తం చేసి ఉండాల్సింది.

ఇక ‘హౌండ్ డాగ్’. ఇందులో ఉన్నది లండన్‌లో మళ్ళీ పాడినది, మొదటిది కాదు. కొనేముందు ఈ తేడా తెలిసుండాలి. మొదటిది 1952 ఆగస్టు 13న లాస్ ఏంజెలెస్‌లో రికార్డయింది. రాసిన జెర్రీ లీబర్, మైక్ స్టోలర్‌లకి అప్పుడు 19 ఏళ్ళు. కాగితం చేతికిస్తే ఆవిడ మెల్లగా, తియ్యగా అందుకుందట. అలా కాదు, గట్టిగా కసురుకున్నట్టు పాడాలని చెప్పబోతే ఆవిడకి ఒళ్ళు మండింది. ఒక తెల్ల కుర్రాడు వచ్చి నాకు పాడటం నేర్పిస్తాడా అని. చివరికి బ్యాండ్ నాయకుడు జానీ ఓటిస్ సర్దిచెప్పి తనే డ్రమ్స్ ముందు కూర్చున్నాడు. పీట్ లూయిస్ గిటార్ మీద నిప్పులు చెరిగాడు. పాట చివర బ్యాండ్ వాళ్ళు కుక్కల్లా మొరిగి, ఊళలు వేశారు. 1953లో విడుదలైతే బిల్‌బోర్డ్ పత్రిక రిథమ్ అండ్ బ్లూస్ (నల్లజాతి సంగీతం) పాటల పట్టికలో ఏడు వారాలు మొదటి స్థానంలో ఉంది. ఆ పాటలో ఒక ఆడమనిషి తన తిండి తిని తిరిగే మగాణ్ణి గుమ్మంలోంచి బయటికి తోలుతోంది. 1956లో ఎల్విస్ పాడిన మాటల్లో ఆ మగాడు లేడు, నిజంగా కుక్క గురించే పాటైపోయింది. అది లక్షల్లో అమ్ముడుపోయింది. ఆవిడకి మాత్రం ‘హౌండ్ డాగ్’ మీద వచ్చింది 500 డాలర్ల చెక్కు ఒక్కటేనని ఆవిడే చెప్పుకుంది.

లండన్ ‘హౌండ్ డాగ్’ బాగుంది, కానీ మొదటిదాన్ని మించలేదు. బడ్డీ గై జట్టు ఉత్సాహం కొంచెం ఎక్కువై, గొంతుకి ఇవ్వాల్సిన ఖాళీ ఇవ్వలేదు. 1952 నాటి రికార్డులో చప్పట్లు, గిటార్, గొంతు తప్ప పెద్దగా ఏమీ ఉన్నట్టనిపించదు, ఆ ఖాళీలోనే దాని బలమంతా ఉంది. కాబట్టి ఆ పాట కోసమే అయితే పీకాక్ రోజుల సంకలనం తీసుకోండి.

‘బాల్ అండ్ చైన్’ కోసం వెతికితే ఇందులో దొరకదు. ఆవిడే రాసుకున్న పాట అది. 1960ల మొదట్లో బేటోన్ అనే చిన్న కంపెనీకి రికార్డు చేస్తే, వాళ్ళు విడుదల చేయలేదు, హక్కులు మాత్రం ఉంచేసుకున్నారు. శాన్ ఫ్రాన్సిస్కోలో ఆవిడ పాడుతుంటే విని రాక్ గాయని జానిస్ జాప్లిన్ వాళ్ళ బ్యాండ్ అడిగారు, పాడుకోండి అంది. 1967లో కాలిఫోర్నియాలోని మాంటెరే సంగీతోత్సవంలో జాప్లిన్ ఆ పాటతోనే ఒక్కసారిగా పైకి లేచింది. రాయల్టీ దగ్గర బిగ్ మామాకి మళ్ళీ మొండిచెయ్యే. అయినా జాప్లిన్ గురించి ఆవిడ చెడ్డగా మాట్లాడలేదు. నాకు కోపం వచ్చేది కాగితాల మీద సంతకాలు పెట్టించుకున్నవాళ్ళ మీదే. పాటకి డబ్బులు పాడినవాళ్ళకి కాకుండా కాగితం దగ్గరున్నవాళ్ళకి పోయే ఆ పద్ధతిలో నల్లజాతి కళాకారులు ఎంతమంది మునిగిపోయారో లెక్కలేదు.

సీడీ గురించి ఇంకో మాట. చివర చేర్చిన పాటలు చెడ్డవి కావు, కానీ అసలు ఎల్పీ (1966 నాటి పెద్ద రికార్డు) ముగిసినచోట ఆపేసి, మిగతావి ఇంకోరోజు వినమని నా సలహా. అన్నీ ఏకబిగిన వింటే నెమ్మది పాటలు ఒకదానిలో ఒకటి కలిసిపోతాయి. మౌత్ ఆర్గాన్ల హోరు ‘డౌన్ హోమ్ షేక్ డౌన్’ మాత్రం వదలకండి. ఆ యాత్రలోనే టీవీ కోసం తీసిన దృశ్యం కూడా ఉంది, జాన్ లీ హుకర్, బిగ్ వాల్టర్ హార్టన్, డాక్టర్ రాస్, జె. బి. లెన్వార్ వరసగా నిలబడి మౌత్ ఆర్గాన్లు వాయిస్తుంటే మధ్యలో బిగ్ మామా కూడా తన మౌత్ ఆర్గాన్‌తో వాళ్ళందరికీ దీటుగా నిలబడుతుంది. ఆడవాళ్ళు ఆ వాయిద్యం పట్టుకోవడమే అరుదైన రోజులు.

ఆవిడ 1984 జూలై 25న లాస్ ఏంజెలెస్‌లో ఒక అద్దెగదుల ఇంట్లో గుండెపోటుతో పోయింది. 57 ఏళ్ళు. తాగుడు, జబ్బు కలిసి ఆ భారీ మనిషిని ఎముకల గూడు చేశాయి. 1952లో డ్రమ్స్ వాయించిన జానీ ఓటిస్ అప్పటికి పాస్టర్ కూడా అయ్యాడు, అంత్యక్రియల ప్రార్థన ఆయనే నడిపాడు. అదే ఏడాది బ్లూస్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేర్చారు. రాక్ అండ్ రోల్ హాల్ ఆఫ్ ఫేమ్ వాళ్ళకి గుర్తురావడానికి 2024 దాకా పట్టింది.

కొత్తగా వినేవాళ్ళు ‘స్కూల్ బాయ్’తో మొదలుపెట్టి, తర్వాత ‘స్వీట్ లిటిల్ ఏంజెల్’కి వెళ్ళండి. ఈ రికార్డు నచ్చితే 1966లోనే చికాగో బ్లూస్ గాయకుడు మడ్డీ వాటర్స్ బ్యాండ్‌తో శాన్ ఫ్రాన్సిస్కోలో చేసినది తీసుకోండి, ఓటిస్ స్పాన్ పియానో, జేమ్స్ కాటన్ మౌత్ ఆర్గాన్ దానికి అదనపు బలం. ఆ తర్వాత 1975లో వచ్చిన ‘జైల్’, జైళ్ళలో ఖైదీల ముందు పాడినది. ఆవిడ జనంతో ఎలా మాట్లాడేదో, ఎలా నవ్వించేదో అందులో వినొచ్చు.