విందు బల్లా, చెత్త సింహాసనమా?

పెళ్లిళ్ల సీజన్‌లోగా మా శ్రీకాకుళం పల్లెల్లో తెర కట్టి, మనిషి అతి తిండి, అతి వాడకం మీద ఒక వ్యంగ్య లఘుచిత్రం వేయాలని నా కోరిక. రెండింటి దగ్గర ఆగాను.

ఒకటి స్టీవ్ కట్స్ 2012లో చేసిన యానిమేషన్ 'మ్యాన్'. నాలుగు నిమిషాల లోపే అయిపోతుంది. మనిషి కనబడ్డ ప్రాణినల్లా చంపుకుంటూ పోయి, చివరికి చెత్తగుట్ట మీద రాజులా కూర్చుంటాడు. మాటల్లేవు కాబట్టి పిల్లలకి ఇట్టే ఎక్కుతుంది. పెద్దవాళ్లు మాత్రం 'ఇదంతా ఫ్యాక్టరీల గొడవ' అనేసి లేచిపోవచ్చు.

రెండోది డెనీ విల్నవ్ తీసిన 'నెక్స్ట్ ఫ్లోర్' (2008). పెద్ద బల్ల చుట్టూ దర్జాగా ముస్తాబైన అతిథులు, ఎడతెగని మాంసం వడ్డన. బరువుకి నేల కూలి, బల్లతో సహా కింది అంతస్తులో పడతారు. ఒంటినిండా దుమ్ము. అయినా మళ్లీ తింటారు. వడ్డించేవాళ్లు మెట్లు దిగి పరిగెత్తుకొస్తారు.

నా ఓటు దీనికే. మన పెళ్లి బంతిలో మడిచిన ఆకు ఒకటి విప్పి చూడండి: కొరకని బూరె, ముద్దగా మిగిలిన పులిహోర, అందులోనే పలాస జీడిపప్పు. చెయ్యి అడ్డం పెట్టినా మర్యాద పేరుతో వేస్తూనే ఉంటారు. ఆ సినిమాలోనూ వడ్డన ఆగకపోవడమే నన్ను ఎక్కువ కలచివేసింది.

బడిలో అయితే 'మ్యాన్' చాలు. పెళ్లింట్లో మాత్రం 'నెక్స్ట్ ఫ్లోరే' వేయాలి, అదీ భోజనాలకు ముందే. మాంసం దృశ్యాలు ఘాటుగా ఉంటాయి, చిన్నపిల్లల్ని కాస్త దూరంగా ఉంచండి.