కేసున్న స్థలం జీపీఏ మీద కొంటున్నారా? ముందు ఓనరు బతికున్నాడో లేదో చూసుకోండి

ఆ మనిషి పేరు రాయను. ఈ స్థలాల లైన్లో తిరిగేవాళ్లకి చెప్పక్కర్లేదు కూడా. ‘కేసు మనవైపే ఉంది సార్, ఇంకో రెండు వాయిదాల్లో డిక్రీ’ అంటుంటాడే, ఇతగాడే.

నేను కొనబోయిన స్థలం ఓ పెద్దాయనది. కబ్జా చేసినవాళ్ల మీద ఆయన దావా వేశారు. జీపీఏ, అంటే తన తరఫున పనులు చేయమని ఓనరు రాసిచ్చే జనరల్ పవర్ ఆఫ్ అటార్నీ, ఇతగాడి పేరున ఉంది. అగ్రిమెంటు రాయించుకుని అడ్వాన్సిచ్చాను. ఎప్పుడడిగినా ‘వాయిదా పడింది సార్’. అనుమానమొచ్చి, కోర్టు కేసుల వివరాలు చూపించే ఈకోర్ట్స్ యాప్‌లో కేసు నంబరు కొడితే ‘డిస్పోజ్డ్’ అని వచ్చింది, అంటే కేసు ముగిసిపోయింది! పెద్దాయన ఇంటికి ఫోన్ చేస్తే కూతురు ఎత్తింది. ‘నాన్నగారు పోయి ఏడాది దాటిందండీ. కేసా? ఏ కేసు?’

అంటే నా అగ్రిమెంటు రాసేనాటికే ఆయన లేరు.

ఆఫీసుకెళ్లి నిలదీశాను. తొణకలేదు, బెణకలేదు. సొరుగులోంచి జీపీఏ తీసి, నావైపు తిప్పి, పెద్దాయన ఫొటో మీద వేలు పెట్టి ‘ఆయన పోతేనేం సార్, సంతకం పోలేదుగా’ అన్నాడు. పక్కనున్న కుర్రాడు కిసుక్కున నవ్వాడు. పైగా నాకే క్లాసు: ‘చదువుకున్నవారు, మీరే కనుక్కోవద్దూ?’ నిజమే మహానుభావా, చచ్చినవాళ్ల తరఫున కూడా డబ్బు వసూలు చేస్తావని కనుక్కోలేకపోయాను.

కాంట్రాక్టు చట్టం సెక్షన్ 201 ప్రకారం ఇచ్చినాయన పోతే జీపీఏ కూడా పోయినట్టే. ఏజెంటుకి ఆ ఆస్తిలోనే సొంత హక్కుంటే వేరే సంగతి, దానికి సెక్షన్ 202 ఉంది. ఇతగాడికున్నది కమీషన్ ఒక్కటే. వాది చనిపోతే దావా నడపాల్సింది వారసులు: భార్య, కొడుకులు, కూతుళ్లు, తల్లి ఉంటే తల్లి. విల్లు ఉంటే దాని ప్రకారం ఆస్తి వచ్చినవాళ్లు. సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) ఆర్డర్ 22 రూల్ 3 కింద 90 రోజుల్లో పిటిషన్ వేసి రికార్డు మీదకి రావాలి, అంటే ఆయన స్థానంలో కేసులో చేరాలి. రాకపోతే దావా దానంతటదే అబేట్, అంటే అక్కడితో ఆగిపోయినట్టే. అదే కారణంతో కొత్త దావా కూడా కుదరదు. అబేట్‌మెంట్ రద్దు చేయించుకోడానికి మరో 60 రోజులు. అదీ దాటితే లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 కింద ఆలస్యానికి కారణం చూపించి బతిమాలుకోవాలి. పార్టీ చనిపోయాడని తెలిస్తే కోర్టుకి చెప్పాల్సిన బాధ్యత వకీలుకి ఉంది, రూల్ 10ఎ అందుకే పెట్టారు. ఆ వకీలుని పెట్టిందెవరు? మన హీరోనే.

కొన్నవాడు కోర్టు అనుమతితో రూల్ 10 కింద దావాలోకి రావచ్చు. కానీ అది సేల్ డీడ్ ఉన్నవాడి మాట. నా దగ్గరున్నది ఉత్త అగ్రిమెంటు, దాంతో స్థలం మీద హక్కు రాదు. పైగా అది చనిపోయిన మనిషి తరఫున రాసిచ్చింది. ఫ్రేము కట్టించుకోవడానికి పనికొస్తుంది. రేపు వారసులు కేసు తిరగదోడి గెలిచినా స్థలం వాళ్లది. నా డబ్బుతో వాళ్లకేం సంబంధం?

కొనేవాళ్లు జీపీఏ ఇచ్చిన మనిషిని కళ్లారా చూసి మాట్లాడండి, డబ్బు ఆయన ఖాతాకే వేయండి. ఆయన పోయుంటే, వారసులు రికార్డు మీదకి వచ్చినట్టు కోర్టు ఆర్డరు కాపీ చేతిలో పడేదాకా పైసా తీయొద్దు.