మూడేండ్లు వాడినంక చెప్తున్న: మిల్లా, ఎమ్ఓఏనా?

రైఫిల్ మీద పెట్టే స్కోప్‌ల (దుర్బిణిల) గురి ఎంత జరపాలె అని కొలిచే కోణం లెక్కలు రెండు, మిల్, ఎమ్ఓఏ. ఎమ్ఓఏ మంచిదా, మిల్ మంచిదా అని నన్ను ఎవరన్నా అడిగితే నేను తిరిగి ఒకటే అడుగుత, స్కోప్ లోపల గీతలు ఏ లెక్కల ఉన్నయి, బయట గురి జరిపే నాబ్ ఏ లెక్కల తిరుగుతది అని. రెండూ ఒకటే అయితే ఏదైనా నడుస్తది. వేరే వేరే అయితే ఫ్రీగా ఇచ్చినా తీసుకోకుండ్రి, నేను నాలుగు నెలలు ఆగమైన.

నాది పాయింట్ 177 అంగుళాల సైజు పీసీపీ ఎయిర్ రైఫిల్, అంటే ముందే నింపి పెట్టిన గాలి ఒత్తిడితోని చిన్న గుండు (పెల్లెట్) కొట్టేది. చేవెళ్ల దిక్కు మా మామ పొలంల పెద్ద మట్టికట్ట ముందల అట్ట నిలబెట్టి ఆదివారం ఆదివారం కొడుతుంట. మొదటి స్కోప్ మీద మిల్ డాట్ అని ఉంది, అంటే లోపల చుక్క చుక్కకు మధ్య ఒక మిల్, ధర తక్కువ, ఇంకేం చూడలే. 25 మీటర్ల కాడ జీరో చేస్తే, అంటే గురి పెట్టిన కాడనే పడేటట్టు సరిచేస్తే, అన్నీ ఒకే బొక్కల పడ్డయి, ఆ సంబురంల దోస్తులకు ఇదే కొనుండ్రి అని కూడా చెప్పిన.

అట్టను 50 మీటర్లకు జరిపినంక మొదలైంది లొల్లి. పెల్లెట్ రెండు చుక్కల కింద పడ్డది. 50 మీటర్ల కాడ మిల్లంటే 5 సెంటీమీటర్లు, రెండంటే 10, నాబ్ ఒక్కసారి టక్కుమంటే ఒక క్లిక్కు, క్లిక్కుకు మిల్లుల పదో వంతు కదా అనుకొని 20 క్లిక్కులు పైకి తిప్పిన. ఇంకా రెండున్నర మూడు సెంటీమీటర్లు కిందనే. ఇంకో అయిదు తిప్పిన, అయినా గోరంత కింద. స్కోప్‌ను పట్టుకునే మౌంట్ రింగులు జారుతున్నయేమో అని మార్చిన, పెల్లెట్లు మూడు రకాలు మార్చిన, గాలిని తిట్టిన, ఆఖరికి బ్యారెలే వంకర అని ఫిక్స్ అయిన. అమ్మిన షాపాయనకు చెప్తే "సార్, మీ చెయ్యి వణుకుతున్నట్టుంది" అన్నడు!

ఓ ఆదివారం బావమరిది వచ్చిండు. చాయ్ గ్లాస్ చేతుల పట్టుకొనే నాబ్ మూత తిప్పి తీసి, "బావా, దీనిమీద పావు ఎమ్ఓఏ అని ఉన్నది గదా" అన్నడు. లోపల మిల్ చుక్కలు, బయట ఎమ్ఓఏ క్లిక్కులు. ఒక మిల్ అంటే 3.44 ఎమ్ఓఏ, రెండు మిల్లులకు 27 క్లిక్కులు దాటాలె, నేను తిప్పింది 20. ఆ ఏడు క్లిక్కుల కోసం రింగుల పైసలు, పెల్లెట్ల పైసలు, షాపాయనతోని మాటలు.

ఎమ్ఓఏతోని నాకేం పగ లేదు. ఒక ఎమ్ఓఏ అంటే 100 గజాల కాడ అంగుళం మీద కొంచెం, మనం హైదరాబాదోళ్లం, ప్లాటు గజాల్లనే కొంటం, అట్ల చూస్తే అదే మన లెక్క అనాలె. కానీ నేను అట్టల దూరం కొలిచేది మీటర్ల టేపుతోని, బొక్కల దూరం కొలిచేది పిల్లగాని స్కేలుతోని. అందుకే ఇప్పుడు లోపలా బయటా మిల్లే ఉన్నది తీసుకొని రెండేండ్లు దాటింది. గీతల్ల 1.8 కింద కనిపిస్తే 18 క్లిక్కులు, అంతే, సెంటీమీటర్లు కూడా మర్చిపోయిన. మిల్లంటే మెట్రిక్ అనుకుంటరు గానీ అది దూరంల వెయ్యో వంతు, మీటర్లయినా గజాలైనా దానికి ఒకటే.

ఇంత పొగిడిన గానీ రెండు కిరికిరిలు ఉన్నయి. నా దాంట్ల గీతలు 12 ఎక్స్ జూమ్ కాడనే కరెక్టు, 6 ఎక్స్‌కు తగ్గిస్తే ఒక్కో గీత రెండు మిల్లులు అయితది, ఇది తెలిసేలోపు ఇంకో డబ్బా పెల్లెట్లు పోయినయి. ఇంకోటి, 50 మీటర్ల కాడ దీని క్లిక్కు 5 మిల్లీమీటర్లు, పావు ఎమ్ఓఏది 3.6. పెల్లెట్టే 4.5 మందం, కాబట్టి అట్ట మీద సరిగ్గా నడుమ కూర్చోబెట్టాలనే పిచ్చి ఉన్నోళ్లకు ఎమ్ఓఏనే నయం. నాకు అంత ఓపిక లేదు.

ఒలింపిక్ షూటర్ గగన్ నారంగ్ లెక్క 10 మీటర్ల పోటీలకు పోవాలనుకునేటోళ్లకు ఈ గొడవే లేదు, అక్కడ స్కోపే పెట్టనియ్యరు. నా లెక్క 25, 50 మధ్యల మార్చి మార్చి కొట్టేటోళ్లయితే మిల్ చూడుండ్రి, అదీ మీ పక్కన కొట్టేటోడు ఎంత తప్పిందో ఎమ్ఓఏల చెప్పకపోతేనే.

పాత స్కోప్ ఇంకా అల్మారలనే ఉన్నది. అమ్ముదామంటే కొనేటోనికి ఈ కథంతా చెప్పాలె, చెప్తే ఎవడు కొంటడు.